బహుముఖత్వానికి మూలం ఏది? - బళ్లారి రాఘవ వృత్తిజీవితం, సురభి నాటకసమాజం: తులనాత్మక పరిశీలన

వ్యాససంగ్రహం:

ఒకే వ్యక్తి పలు రంగాల్లో రాణించినప్పుడు తెలుగు విమర్శ ఆ వ్యక్తిని 'బహుముఖ ప్రజ్ఞాశాలి' అని గౌరవిస్తుంది. ఆ గౌరవవాచకం తరువాత రంగాల జాబితా వస్తుంది. ఆ రంగాలకు పరస్పరం ఉన్న సంబంధమేమిటన్న విచారణ మాత్రం అరుదుగా కనిపిస్తుంది. న్యాయవాదిగా, నటుడిగా, ప్రయోక్తగా, చలనచిత్ర నటుడిగా, నాటకరంగ సంస్కర్తగా పనిచేసిన బళ్లారి రాఘవ (1880-1946) వృత్తిజీవితాన్ని ఆ దృష్టితో పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం. రాఘవ రంగస్థల సంస్కరణలకు ఆయన న్యాయవాద వృత్తి ఆర్థికాధారమైందని, నటనకు ఒక వాచికపద్ధతిని కూడా సమకూర్చి ఉంటుందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది. కడప జిల్లాలో పుట్టిన సురభి నాటకసమాజం బహుముఖత్వం వేరొక మూలం నుంచి వచ్చిందని, ఈ రెండింటినీ పక్కపక్కన ఉంచి చూస్తేనే తెలుగు నాటకరంగంలో స్త్రీ ప్రవేశం వంటి ప్రశ్నలకు న్యాయమైన సమాధానం దొరుకుతుందని నిరూపించే ప్రయత్నం చేస్తుంది.

కీలకపదాలు: బళ్లారి రాఘవ, సురభి, బహుముఖత్వం, వృత్తి, ఔత్సాహిక నాటకం, వాచికాభినయం, రాయలసీమ రంగస్థలం, రైతుబిడ్డ.

1. ప్రస్తావన:

నటుడు, నర్తకుడు, క్రీడావ్యాఖ్యాత - ఈ మూడు పనులూ ఒకే వ్యక్తి చేయడం నేటి ప్రేక్షకుడికి వింత కాదు. టెలివిజన్ తెర మీద సాయంత్రం నృత్యపోటీలో కనిపించిన నటుడే మరునాడు క్రికెట్ వ్యాఖ్యానంలో వినిపిస్తాడు. దీన్ని మనం మాధ్యమయుగపు లక్షణంగా భావిస్తాం. నిజానికి పలు పనులు చేసే కళాకారుడు రాయలసీమకు చాలా పాతవాడు. తోలుబొమ్మలాట కళాకారుణ్ణే తీసుకోండి. తెర వెనుక నిలబడి బొమ్మను ఆడిస్తాడు. అనేక పాత్రలకు తన గొంతునే మార్చి మార్చి ఇస్తాడు. పద్యం పాడతాడు. కాలితో చెక్కను తొక్కుతూ తాళం వేస్తాడు. కేతిగాడు, బంగారక్క పాత్రల ద్వారా కథ మీదా, ఊరి మీదా వ్యాఖ్యానం చేస్తాడు. నటనం, నర్తనం, వ్యాఖ్యానం మూడూ ఆయన ఒంట్లోనే ఉన్నాయి. అయినా ఆయన్ని ఎవరూ బహుముఖ ప్రజ్ఞాశాలి అనలేదు, బొమ్మలాటవాడు అన్నారు.

అదే రాయలసీమలో, దాదాపు అదే కాలంలో, ఒక న్యాయవాది నాటకాల్లో నటిస్తే ఆయనకు ఆ మాట వెంటనే లభించింది. ఈ తేడా కేవలం ప్రతిభలో ఉన్న తేడా కాదు. ఒకరి బహుముఖత్వం ఐచ్ఛికం. మరొకరిది అనివార్యం. ఐచ్ఛికమైన దానిని విమర్శ ప్రతిభగా గుర్తించింది. అనివార్యమైన దానిని కులవృత్తిగా సరిపెట్టింది. ఈ వ్యాసానికి ప్రేరణ ఈ గమనింపే.

పలు వృత్తులు చేసిన కళాకారుణ్ణి అంచనా కట్టడానికి మూడు ప్రశ్నలు అవసరమని భావిస్తున్నాను. మొదటిది, ఏ వృత్తి ఏ వృత్తిని పోషించింది? రెండవది, ఒక రంగంలో అలవడిన ఏ నైపుణ్యం మరొక రంగంలోకి ప్రవేశించింది? మూడవది, ఆ నైపుణ్యం ఎక్కడ చెల్లలేదు? ఈ మూడు ప్రశ్నలతో రాఘవ వృత్తిజీవితాన్ని పరిశీలిద్దాం.

2. బళ్లారి - న్యాయవాదులు కట్టిన రంగస్థలం:

ఆధునిక తెలుగు నాటక ప్రదర్శన చరిత్ర 1880లో రాజమహేంద్రవరంలో కందుకూరి వీరేశలింగం ప్రదర్శింపజేసిన 'వ్యవహారధర్మబోధిని'తో మొదలవుతుందని సాహిత్యచరిత్రలు చెబుతున్నాయి. 'ప్లీడరు నాటకం' అని కూడా పేరున్న ఆ రచన న్యాయవాదుల అక్రమాల మీద వ్యంగ్యం. రంగస్థలం తొలి అడుగులోనే ప్లీడర్లను నవ్వులపాలు చేసింది. అదే దశకంలో బళ్లారిలో మాత్రం ప్లీడర్లే రంగస్థలానికి పునాది వేశారు. సరసవినోదినీ సభను నడిపిన ధర్మవరం రామకృష్ణమాచార్యులు (1853-1912) న్యాయవాది. సుమనోరమ సభతో ఆయనకు దీటుగా నిలిచిన కోలాచలం శ్రీనివాసరావు (1854-1919) కూడా న్యాయవాదే. ఒకరు 'చిత్రనళీయం', 'విషాదసారంగధర' వంటి నాటకాలతో ఆంధ్రనాటక పితామహుడని కీర్తి పొందారు. మరొకరు చారిత్రక నాటకాలకు బాట వేయడమే కాక ప్రపంచ నాటకచరిత్రను ఇంగ్లీషులో గ్రంథంగా రాశారు.

ఇది యాదృచ్ఛికం కాదు. అప్పటి బళ్లారి జిల్లా కేంద్రం, దండు ఉన్న పట్టణం. తెలుగు, కన్నడ, హిందుస్తానీ, ఇంగ్లీషు భాషలు ఒకే వీధిలో వినిపించేవి. ఆ భాషలన్నింటి మధ్య రోజూ మసలవలసిన వృత్తి న్యాయవాదిది. సాయంత్రాలు తీరిక, చేతిలో కొంత ధనం, పట్టణంలో పరపతి, ఇంగ్లీషు నాటకాల పరిచయం - నాటకసభను నడపడానికి కావలసిన ఈ నాలుగూ ఆ వర్గానికే ఉండేవి.

తాడిపత్రిలో 1880 ఆగస్టు 2న జన్మించిన రాఘవాచార్యులు ధర్మవరం వారికి మేనల్లుడు. తండ్రి బళ్లారిలో ఉపాధ్యాయుడు. రాఘవ మద్రాసు క్రైస్తవ కళాశాలలో పట్టభద్రుడై, న్యాయశాస్త్రం చదివి, బళ్లారిలో వృత్తి ప్రారంభించారు. క్రమంగా ప్రభుత్వ న్యాయవాది స్థానానికి చేరారు. విద్యార్థిదశ నుంచే షేక్స్పియర్ నాటకాల మీద మక్కువ పెంచుకున్నారు. అంటే ఆయనకు న్యాయస్థానం, రంగస్థలం రెండూ ఇంటి వారసత్వాలే. మేనమామ ఇంట్లో ఆ రెండు వృత్తులూ అప్పటికే కలిసి ఉన్నాయి. కాబట్టి రాఘవ బహుముఖత్వాన్ని ఒక అసాధారణ వ్యక్తి అద్భుతంగా కాక, ఒక పట్టణపు వృత్తివర్గం కల్పించిన అవకాశానికి పరాకాష్ఠగా చూడాలి.

3. వృత్తి ఇచ్చిన స్వేచ్ఛ:

రాఘవ రంగస్థలం మీద చేసిన మార్పుల్లో మూడు ముఖ్యమైనవి. పద్యాన్ని రాగాలాపనకు సాధనంగా కాక సంభాషణలో భాగంగా పలకడం మొదటిది. స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించాలని పట్టుబట్టడం రెండవది. పౌరాణికాల పరిధి దాటి సమకాలీన గృహజీవితాన్ని గద్యనాటకంగా ప్రదర్శించడం మూడవది. ఈ మూడూ నాటి ప్రేక్షకుడి అభిరుచికి ఎదురు నిలిచినవే.

ఆనాటి ప్రదర్శన పరిస్థితిని గుర్తుచేసుకుంటే దీని అర్థం తెలుస్తుంది. నాటకానికి వచ్చిన ప్రేక్షకుడు పద్యం కోసం వచ్చేవాడు. పద్యం నచ్చితే 'వన్స్‌మోర్' అని కేకలు వేసేవాడు. చనిపోయిన పాత్ర లేచి మళ్ళీ పాడిన సందర్భాలు నాటకరంగ జ్ఞాపకాల్లో కొల్లలు. కాంట్రాక్టు నాటకాల్లో వేర్వేరు ఊళ్ళ నుంచి ప్రసిద్ధ నటులను పిలిపించి, కలిసి సాధన చేయకుండానే ఒకే రాత్రి వేదిక ఎక్కించేవారు. ఇలాంటి చోట పాట తగ్గించిన నటుడికి మరుసటి పిలుపు రాదు. అతడి ఇంట్లో పొయ్యి వెలగదు.

రాఘవకు ఆ భయం లేదు. ఆయన అన్నం న్యాయస్థానంలో ఉంది. టిక్కెట్టు కొన్నవాడికి నచ్చకపోయినా ఆయన సోమవారం ఉదయం తన కక్షిదారు పక్షాన వాదించడానికి వెళ్ళవచ్చు. ప్రేక్షకుణ్ణి కాదనగలిగే ఈ శక్తి ఆయన ప్రతిభలో భాగం కాదు. ఆయన ప్రతిభకు లభించిన రక్షణ. 1928లో ఇంగ్లండు వెళ్ళి అక్కడి నాటకరంగాన్ని చూసిరావడం కూడా ఈ ఆర్థిక స్వాతంత్ర్యం వల్లనే సాధ్యమైంది. 'రాఘవ పాటను నిరాకరించారు' అని రాసే పరిశోధకుడు, ఆ నిరాకరణకయ్యే ఖర్చును ఏ వృత్తి భరించిందో కూడా రాయాలి.

ఇందులో మరొక విశేషం ఉంది. పాత్రలచేత పద్యాలను రాగయుక్తంగా పాడించే పద్ధతికి తెలుగు రంగస్థలం మీద ప్రాచుర్యం కల్పించినవారు ధర్మవరం రామకృష్ణమాచార్యులే. మేనమామ తెచ్చిన పాటను మేనల్లుడు తగ్గించారు. ఇద్దరూ న్యాయవాదులే కనుక ఆర్థిక స్వేచ్ఛ ఒక్కటే సంస్కరణను పుట్టిస్తుందని చెప్పలేం. అది అవకాశాన్ని ఇస్తుంది. ఆ అవకాశాన్ని ఏ దిశలో వాడుకోవాలో కళాకారుడి దృష్టి నిర్ణయిస్తుంది. ధర్మవరం వారు నాటకం లేని చోట ప్రేక్షకుణ్ణి తయారుచేయవలసి వచ్చింది; అందుకు పాట తోడ్పడింది. రాఘవ కాలానికి ప్రేక్షకుడు సిద్ధంగా ఉన్నాడు, పాట నాటకాన్ని మింగేస్తున్నది. ఒకే కుటుంబంలో రెండు తరాల మధ్య వచ్చిన ఈ భేదం అభిరుచి భేదమే కాదు, అవసరం మారడం కూడా.

4. న్యాయస్థానపు గొంతు, రంగస్థలపు గొంతు:

రెండవ ప్రశ్నకు వద్దాం. ఒక వృత్తిలోని నైపుణ్యం మరొక వృత్తిలోకి ఎలా ప్రవేశించింది? రాఘవ నటనకు శబ్దరూపంలోనూ దృశ్యరూపంలోనూ మిగిలిన ఆధారం స్వల్పం. అందువల్ల ఆయన ఏ పాత్రలను ఎంచుకున్నారు, ఏ పాత్రల్లో ప్రేక్షకులు ఆయన్ని గుర్తుపెట్టుకున్నారు అన్నదే మనకు ప్రధాన సాక్ష్యం. హిరణ్యకశిపుడు, దుర్యోధనుడు, చాణక్యుడు, కోలాచలం వారి 'రామరాజు చరిత్ర'లో పఠాన్ రుస్తుం - రాఘవ పేరు వినగానే గుర్తుకు వచ్చే పాత్రలివి. వీటన్నింటికీ ఒక సామాన్య లక్షణం ఉంది. ఇవి వాదించే పాత్రలు. హిరణ్యకశిపుడు కన్నకొడుకుతో దైవం ఉనికి గురించి వాదిస్తాడు. దుర్యోధనుడు రాజ్యం మీద తన హక్కును సమర్థించుకుంటాడు. చాణక్యుడు అవమానాన్ని ప్రతిజ్ఞగా, ప్రతిజ్ఞను వ్యూహంగా మార్చుకుంటాడు. రుస్తుం తనకు జరిగిన అన్యాయానికి లెక్క అడుగుతాడు.

మరొక విశేషం, వీరిలో ఎక్కువమందిని కథ ముందే దోషులుగా నిర్ణయించింది. పురాణం తీర్పు చెప్పేసిన వ్యక్తి పక్షాన నిలబడి, అతడి వాదనను సభ ముందు పెట్టడం ఈ పాత్రల్లో నటుడికి పడే పని. కాస్త ఆలోచిస్తే ఇది న్యాయవాది పనికి ఎంతో దగ్గరగా ఉంటుంది. కక్షిదారు మంచివాడా కాదా అన్నది వకీలుకు మొదటి ప్రశ్న కాదు. అతడి వైపు నుంచి సంగతిని పొందికగా చెప్పడం మొదటి బాధ్యత. ఆ అలవాటు ఉన్న నటుడు ప్రతినాయకుణ్ణి కేవలం గర్జించే రాక్షసుడిగా చూపడు. అతడికీ ఒక తర్కం ఉందని చూపిస్తాడు.

దీనికి బలమైన సాక్ష్యం 'తప్పెవరిది' నాటకం. రాఘవ ప్రోత్సాహంతో పి. వి. రాజమన్నార్ రాసిన ఈ సాంఘిక నాటకంలో రాఘవ నటించారు. రాజమన్నార్ కూడా న్యాయవాదే. తరువాత మద్రాసు హైకోర్టు ప్రధాన న్యాయమూర్తి అయ్యారు, సంగీత నాటక అకాడమీకి తొలి అధ్యక్షులుగా పనిచేశారు. రాసినవారు న్యాయవాది, ఆడినవారు న్యాయవాది, నాటకం పేరు న్యాయస్థానం అడిగే ప్రశ్న. ఇంటి నాలుగు గోడల మధ్య ఉన్న భార్యాభర్తల సంబంధాన్ని విచారణకు పెట్టి, తీర్పును ప్రేక్షకుడికి వదిలివేసే పద్ధతి తెలుగు రంగస్థలానికి అప్పటికి కొత్త. పద్యం లేని ఈ నాటకంలో సంభాషణే నటుడికి దిక్కు.

ఇక్కడ ఒక అభ్యంతరం రావచ్చు. దుర్యోధనుణ్ణి యడవల్లి సూర్యనారాయణ వంటి నటులు కూడా అద్భుతంగా పోషించారు కదా, వారు న్యాయవాదులు కారు కదా అని. నిజమే. పాత్రలోని వాదగుణం అందరికీ అందుబాటులో ఉన్నదే. అయితే ఆ గుణాన్ని రాగం ద్వారా ఉద్దీపింపజేయడం ఒక పద్ధతి, వాక్యం విరుపు ద్వారా, మౌనం ద్వారా ఉద్దీపింపజేయడం మరొక పద్ధతి. రాఘవ రెండవదాన్ని ఎంచుకున్నారు. తెలుగు, కన్నడ, హిందుస్తానీ, ఇంగ్లీషు భాషల్లో ఆయన నటించగలగడానికి కూడా ఇదే కారణం కావచ్చు. పద్యరాగం ఒక భాషకు కట్టుబడి ఉంటుంది. వాదించే గొంతు భాషలు దాటగలదు. 1927లో గాంధీజీ చూసిన 'దీనబంధు కబీర్' ప్రదర్శన హిందుస్తానీలో జరిగిందన్న సంగతి ఇక్కడ గుర్తుచేసుకోదగినది.

5. సురభి - అవసరం నేర్పిన విద్యలు:

రాఘవ బహుముఖత్వం ఎంత విశిష్టమో తెలియాలంటే దాని పక్కన మరొక బహుముఖత్వాన్ని నిలపాలి. అందుకు దూరం పోనక్కరలేదు. రాయచోటికి చేరువలో, కడప జిల్లా చక్రాయపేట మండలంలో సురభి అనే పల్లె ఉంది. మహారాష్ట్ర ప్రాంతం నుంచి వలస వచ్చి తోలుబొమ్మలాటతో జీవించిన కుటుంబాల్లో ఒకటి 1885లో అక్కడ 'కీచకవధ' నాటకం ఆడింది. వనారస గోవిందరావు నాయకత్వంలో మొదలైన ఆ ప్రదర్శన ఒక సమాజంగా, ఆ సమాజం అనేక శాఖలుగా విస్తరించింది. ఊరి పేరే వంశానికి ఇంటిపేరు వంటిదైంది.

రాఘవ ఐదేళ్ళ బాలుడుగా ఉన్నప్పుడే ఇది జరిగింది. బళ్లారిలో నాటకం వకీళ్ళ సాయంకాల వ్యాసంగంగా రూపొందుతున్న దశకంలోనే, సురభిలో నాటకం ఒక కుటుంబానికి కూడు పెట్టే వృత్తిగా అవతరించింది. సురభి కళాకారుడికి నాటకం తప్ప మరొక ఆదాయం లేదు. బయటివారిని జీతాలకు పెట్టుకునే స్తోమత లేదు. అందువల్ల కుటుంబంలో ప్రతి ఒక్కరూ అన్నీ నేర్చుకోవలసి వచ్చింది. చిన్నప్పుడు లవకుశులుగా, ప్రహ్లాదుడుగా వేదిక ఎక్కిన పిల్ల పెద్దయ్యాక నాయిక అవుతుంది. వయసు మీరాక తల్లి పాత్రకు మారుతుంది. పాత్ర లేని అంకంలో హార్మోనియం దగ్గర కూర్చుంటుంది, లేదా పిల్లలకు ముఖానికి రంగు వేస్తుంది. పురుషులు తెరలు చిత్రిస్తారు, తబలా వాయిస్తారు, తీగల మీద నారదుణ్ణి గాలిలో నడిపిస్తారు, వేదిక మీద వాన కురిపిస్తారు. ఊరు మారేటప్పుడు డేరా విప్పేదీ వారే, కొత్త ఊరిలో వేసేదీ వారే.

బొమ్మలాటలో ఒకే మనిషి చేసిన పనులు సురభిలో ఒకే కుటుంబం చేసే పనులయ్యాయి. తోలుబొమ్మ వెనుక నిలబడిన మనిషి తెర ముందుకు వచ్చాడు. ఆ బహుముఖత్వాన్ని వెంట తెచ్చుకున్నాడు. 'మాయాబజార్', 'పాతాళభైరవి' ప్రదర్శనల్లోని మాయలను ప్రేక్షకులు ఇప్పటికీ అబ్బురంగా చూస్తారు. ఆ అబ్బురం వెనుక ఉన్నది ఒక కుటుంబ శ్రమవిభజన.

ఇప్పుడు మొదటి ప్రశ్నను సురభికి వేస్తే సమాధానం తలకిందులవుతుంది. రాఘవ విషయంలో ఒక వృత్తి మరొకదాన్ని పోషించింది. సురభిలో అన్ని పనులూ కలిసి ఒకే వృత్తిని పోషించాయి. అందువల్ల సురభి ప్రేక్షకుణ్ణి కాదనలేకపోయింది. పాటను విడువలేదు, పౌరాణికాన్ని విడువలేదు, మాయలను విడువలేదు. దీన్ని ఛాందసమని విమర్శించడం తేలిక. కానీ ఆకలి ఉన్న సమాజం ప్రయోగం చేయకపోవడాన్ని అభిరుచిలోపంగా లెక్కించడం న్యాయం కాదు. ఆసరా దొరికినప్పుడు అదే సురభి ఎంత ప్రయోగానికైనా సిద్ధపడుతుందని 1990లలో బి. వి. కారంత్ దర్శకత్వంలో వారు ఆడిన 'భీష్మ', 'చండీప్రియ', బ్రెక్ట్ నాటకానికి అనుసరణ అయిన 'బస్తీ దేవత యాదమ్మ' నిరూపించాయి.

6. స్త్రీ పాత్రల ప్రశ్న - కీర్తి ఎవరికి?:

తెలుగు నాటకచరిత్రలో స్త్రీల ప్రవేశం గురించి రాసేటప్పుడు రాఘవ పేరు ముందు వస్తుంది. స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించాలన్న ఆయన పట్టుదల, కొమ్మూరి పద్మావతీదేవి వంటి విద్యావంతులైన స్త్రీలు ఆయనతో కలిసి నటించడం నిస్సందేహంగా గొప్ప మలుపులు. స్థానం నరసింహారావు వంటి మహానటులు స్త్రీ పాత్రాభినయాన్ని ఒక శాస్త్రంగా మలచిన కాలంలో, ఆ సౌందర్యానికి ఎదురు నిలబడడం సాహసం.

అయితే సురభిలో స్త్రీలు అంతకు ముందు నుంచే వేదిక మీద ఉన్నారు. కుటుంబమే సమాజమైన చోట కూతుళ్ళు, కోడళ్ళు నటించడం సహజమైంది. స్త్రీలు పురుష పాత్రలు కూడా ధరించారు. తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' (1932) సురభివారు ఆడే నాటకం ఆధారంగా హెచ్. ఎం. రెడ్డి దర్శకత్వంలో తయారైంది. అందులో లీలావతి పాత్ర ధరించిన సురభి కమలాబాయి తెలుగు తెరకు తొలి కథానాయిక. మరి ఈ స్త్రీల ప్రవేశం 'సంస్కరణ' అన్న పేరు ఎందుకు పొందలేదు?

కారణం స్పష్టమే. సురభి స్త్రీ వేదిక ఎక్కడాన్ని సమాజం జీవనోపాధిగా చూసింది. చదువుకున్న కుటుంబపు స్త్రీ వేదిక ఎక్కడాన్ని ఆదర్శంగా చూసింది. మొదటిదానిలో ఎవరూ ఏదీ వదులుకోలేదని అనుకున్నారు. రెండవదానిలో పరువును పణంగా పెట్టారని మెచ్చుకున్నారు. రాఘవ చేసిన పనికి ఖచ్చితమైన పేరు పెట్టాలంటే, ఆయన స్త్రీని రంగస్థలం మీదికి తేలేదు. రంగస్థలం మీది స్త్రీకి మధ్యతరగతి గౌరవాన్ని తెచ్చే ప్రయత్నం చేశారు. ఈ మాట ఆయన స్థాయిని తగ్గించదు. ఆయన ఎదుర్కొన్న వ్యతిరేకత ఏ గోడ దగ్గర ఉందో చూపిస్తుంది. అదే సమయంలో ఆ గోడకు అవతల ముందునుంచే పనిచేస్తున్న సురభి స్త్రీలకు చరిత్రలో దక్కవలసిన స్థానాన్ని కూడా చూపిస్తుంది.

7. వెండితెర - నైపుణ్యం చెల్లని చోటు:

మూడవ ప్రశ్న వైఫల్యానికి సంబంధించినది. ప్రశంసావ్యాసాలు సాధారణంగా దీన్ని దాటవేస్తాయి. రాఘవ 1936లో 'ద్రౌపదీ మానసంరక్షణం'లో దుర్యోధనుడుగా నటించారు. అందులో కృష్ణపాత్రధారి బందా కనకలింగేశ్వరరావు కూడా న్యాయవాదే. తరువాత కూచిపూడి నాట్యాభ్యున్నతికి కృషి చేశారు. అదే ఏడాది అదే కథతో 'ద్రౌపదీ వస్త్రాపహరణం' విడుదలైంది. ప్రేక్షకులు రెండవ చిత్రాన్ని ఆదరించారు, రాఘవ చిత్రం పరాజయం పొందింది. ఆ చిత్రంలో దుర్యోధనుడు యడవల్లి సూర్యనారాయణ. రంగస్థలం మీద ఏ ప్రేక్షకుణ్ణి రాఘవ ఎదిరించగలిగారో, ఆ ప్రేక్షకుడే చిత్రశాలలో టిక్కెట్టు కొనకుండా తీర్పు చెప్పాడు. ఒక సినిమా జయాపజయాలకు కారణాలు అనేకం. కానీ ఒక్క విషయం నిజం. నిర్మాత పెట్టుబడితో నడిచే చోట నటుడి వకీలు ఆదాయం ఆ నటుణ్ణి రక్షించదు.

1939లో గూడవల్లి రామబ్రహ్మం తీసిన 'రైతుబిడ్డ' మరొక కథ. జమీందారీ పీడనను చూపినందుకు జమీందార్లు ఆగ్రహించారు, చిత్రం నిషేధానికి గురైంది. బహుముఖత్వాన్ని అధ్యయనం చేసేవారికి ఈ చిత్రం ఒక గని. ఇందులో న్యాయవాది అయిన రాఘవ ఉన్నారు. భాషాపండితుడైన గిడుగు వెంకట సీతాపతి ఉన్నారు. రైతుకుటుంబం నుంచి వచ్చిన కవి కొసరాజు రాఘవయ్య పాటలు రాయడమే కాక నటించారు. కూచిపూడి వంశపరంపరలో నాట్యం నేర్చిన వేదాంతం రాఘవయ్య నృత్యం ఇందులో ఉంది. ఆయనే తరువాత 'దేవదాసు' (1953) దర్శకుడయ్యారు. బాలనటిగా, గాయనిగా టంగుటూరి సూర్యకుమారి ఉన్నారు; ఆమె 1961లో న్యూయార్క్‌లో టాగూరు నాటకంలో నటించి, తరువాత లండన్‌లో స్థిరపడి భారతీయ ప్రదర్శనకళలకు సేవ చేశారు.

ఒకే చిత్రంలోని ఈ ఐదుగురూ పలు రంగాల్లో పనిచేసినవారే. కానీ ఐదుగురి బహుముఖత్వాలూ ఒకటి కావు. సీతాపతికి నటన పాండిత్యజీవితంలో ఒక మజిలీ. కొసరాజుకు సినిమా కొత్త జీవనమార్గం. వేదాంతం రాఘవయ్యకు వంశవిద్య మరొక మాధ్యమంలో కొనసాగింపు. సూర్యకుమారికి కంఠం, రూపం, నృత్యజ్ఞానం దేశాలు దాటించిన సాధనాలు. రాఘవకు అది సంస్కరణోత్సాహానికి మరొక వేదిక. 'బహుముఖ ప్రజ్ఞ' అనే ఒక్క మాట ఈ ఐదింటినీ కప్పివేస్తుంది.

8. సరిహద్దు మీద నిలిచిన పేరు:

రాఘవ 1946 ఏప్రిల్ 16న మరణించారు. ఏడేళ్ళ తరువాత, 1953లో ఆంధ్రరాష్ట్రం ఏర్పడినప్పుడు ఆలూరు, ఆదోని, రాయదుర్గం తాలూకాలు ఇటు వచ్చాయి, బళ్లారి పట్టణం మైసూరు రాష్ట్రంలో చేరింది. ఆయన పుట్టిన తాడిపత్రి ఒక రాష్ట్రంలో, ఆయన పేరులోని ఊరు మరొక రాష్ట్రంలో మిగిలాయి. బళ్లారిలో ఆయన పేరిట కళామందిరం ఉంది. తెలుగు నాటకరంగంలో ఆయన పేరిట పురస్కారాలు ఉన్నాయి. కానీ ఆయన కన్నడ, హిందుస్తానీ, ఇంగ్లీషు నటజీవితాన్ని తెలుగు పరిశోధన తనది కాదన్నట్లు పక్కన పెట్టింది. ఆయన నటనాపద్ధతి భాషలు దాటేదని పైన చెప్పిన ప్రతిపాదన నిజమైతే, ఒక్క భాషలోని ఆధారాలతో ఆయన్ని అంచనా వేయడం సగం అంచనాయే అవుతుంది. సురభి విషయంలోనూ ఇదే జరుగుతున్నది. నేటి సురభి హైదరాబాదు శేరిలింగంపల్లిలో ఉంది. పుట్టిన పల్లె కడప జిల్లాలో ఉంది. ఆ పల్లెకు చేరువలో ఉన్న కళాశాలల్లో తెలుగు చదివే విద్యార్థులకు ఆ పేరు పోటీపరీక్షల్లో ఒక మార్కు ప్రశ్నగానే పరిచయమవుతున్నది.

9. ముగింపు:

పై పరిశీలన వల్ల తేలిన అంశాలు ఇవి:

1. రాఘవ రంగస్థల సంస్కరణలకు న్యాయవాద వృత్తి ఆర్థిక రక్షణగా నిలిచింది. ప్రేక్షకుణ్ణి కాదనగల స్వేచ్ఛను ఆయనకు ఆ వృత్తే ఇచ్చింది.

2. ఆయన ప్రసిద్ధ పాత్రల్లో వాదగుణం ప్రధానం. రాగం కన్నా వాక్యం మీద ఆధారపడిన ఆయన వాచికానికి, న్యాయస్థానపు అభ్యాసానికి దగ్గర సంబంధం కనిపిస్తుంది.

3. సురభి కళాకారుల బహుముఖత్వం జీవనావసరం నుంచి పుట్టింది. దాన్ని వ్యక్తిప్రతిభ కొలమానంతో కాక సామూహిక శ్రమ కొలమానంతో కొలవాలి.

4. స్త్రీల రంగప్రవేశ చరిత్రలో సురభి స్త్రీలకు ముందు స్థానం, రాఘవ బృందానికి సామాజిక గౌరవాన్ని సాధించిన స్థానం వేర్వేరుగా ఇవ్వాలి.

5. వైఫల్యాలను కూడా చేర్చినప్పుడే పలు రంగాల కళాకారుడి అంచనా పూర్తవుతుంది.

'జీవితం - కృషి' అన్న చట్రంలో పరిశోధన చేసే విద్యార్థులు ఒక్కో రంగానికి ఒక్కో అధ్యాయం కేటాయిస్తారు. అధ్యాయాల మధ్య రాకపోకలు ఉండవు. రాఘవ మీద అలాంటి గ్రంథం రాస్తే న్యాయవాది ఒక అధ్యాయంలో, నటుడు మరొక అధ్యాయంలో ఉంటారు. ఇద్దరూ ఎక్కడా కలుసుకోరు. కానీ జీవితంలో వారిద్దరూ రోజూ సాయంత్రం న్యాయస్థానం నుంచి నాటకశాలకు వెళ్ళే దారిలో కలుసుకున్నారు. పరిశోధన నిలబడవలసింది ఆ దారిలోనే. నేటి తెర మీద నటిస్తూ, నర్తిస్తూ, ఆటకు వ్యాఖ్యానం చెప్పే కళాకారుడి గురించి రేపు రాయబోయే పరిశోధకుడు కూడా ముందుగా అడగవలసిన ప్రశ్న అదే: ఇన్ని పనులు ఆయన కోరి చేశారా, చేయక తప్పక చేశారా?